పల్లె భూగోళం చదవడం – 3వ పాఠం: ఏ ఏడాదితో పోలుస్తున్నారు?

పోయిన పాఠంలో అడంగల్ (ఏ నేలలో ఏ పంట ఉందో రాసే ఊరి రికార్డు) చదవడం చూశాం కదా, ఈసారి పుస్తకం పట్టుకుందాం. వ్యవసాయంలో వచ్చిన మార్పు గురించి ప్రొఫెసర్లు రాసిన పుస్తకాల్లో పట్టిక కనబడగానే చాలామంది పేజీ తిప్పేస్తారు. తిప్పకండి. అంకెల జోలికి పోకముందే పట్టిక నెత్తిన ఏ సంవత్సరాలు వేశారో చూడండి.

మనకు దగ్గరి ఉదాహరణే ఉంది. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడినప్పుడు అందులో పెద్ద భాగం ఉత్తర ఆర్కాడు నుంచే వచ్చింది. తమిళనాడులో మిగిలిన ఆ ఉత్తర ఆర్కాడు పల్లెల్లో 1970ల మొదట్లో జరిగిన సర్వే మీద కేంబ్రిడ్జి భూగోళ శాస్త్రవేత్త బి.హెచ్. ఫార్మర్ సంపాదకుడిగా 1977లో 'గ్రీన్ రెవల్యూషన్?' వచ్చింది. కొత్త వరి వంగడాలు అనుకున్నంతగా పాకలేదన్న అనుమానం దాన్నిండా ఉంటుంది. దాదాపు పదేళ్ళ తర్వాత అవే పల్లెలను మళ్ళీ సర్వే చేసి, పీటర్ హేజెల్, సి. రామసామి 1991లో ఇంకో పుస్తకం తెచ్చారు. చిన్న రైతుకూ కూలీకీ కూడా మేలు జరిగిందని ఇందులో తేలింది.

ఇద్దరిలో ఎవరో ఒకరు తప్పు అనేయకండి. రెండో బృందం 1982-83నూ చూసింది, 1983-84నూ చూసింది. మొదటిది కరువు ఏడు. దానితోనే ఆపేసి ఉంటే పట్టిక ఇంకో కథ చెప్పేది. నన్నడిగితే ఆ పుస్తకంలో మెచ్చుకోవలసింది ఈ ఓపికనే.

సంవత్సరాలు సరిగ్గా ఉన్నా శాతాలు మోసం చేయొచ్చు. ఊహకు ఒక ఊరు తీసుకోండి, సేద్యపు నేల 100 ఎకరాలు. ఒకప్పుడు 80 ఎకరాల్లో శనక్కాయ, చెరువు కింద 20 ఎకరాల్లో రెండు కార్లు (ఏడాదికి రెండు పంటలు) వరి. రెండు కార్లు పండిన నేలను రెండుసార్లు లెక్కిస్తే మొత్తం సాగు 120, ఒక్కసారే లెక్కిస్తే నికర సాగు 100. మొదటిదాన్ని రెండోదానితో భాగిస్తే వచ్చేదే పంటల సాంద్రత, ఇక్కడ 120 శాతం. ఇప్పుడు అదే ఊళ్ళో 60 ఎకరాలు మామిడి, 15 ఎకరాల్లో రెండు కార్లు వరి, 25 ఎకరాలు బీడు. మొత్తం 90, నికరం 75. భాగించి చూడండి, మళ్ళీ 120 శాతమే! ఊరు ఊరంతా మారిపోయినా శాతం కదల్లేదు. మామిడి తోట ఏడాదికి ఒక్కసారే లెక్కకొస్తుంది, బీడు నికర సాగులోంచే జారిపోతుంది. అందుకే సాంద్రత ఒక్కటే ఇచ్చి ఊరుకున్న రచయితను నేను నమ్మను.

ఆ బీడులోనూ తేడాలున్నాయి. ఈ ఒక్క ఏడే పడావు పడితే ప్రస్తుత బీడు. ఏడాది దాటి ఐదేళ్ళ లోపైతే ఇతర బీడు. ఐదేళ్ళు దాటితే సాగుకు పనికొచ్చే బంజరు కింద రాస్తారు. మొదటిది వాన కోసం చూస్తున్న నేల కావచ్చు. మూడోదాని యజమాని బహుశా బెంగళూరులో ఉంటాడు.

ఇక అభ్యాసం. మీ ఊరి అడంగల్ రెండు ఫసలీలకు (రెవెన్యూ లెక్కల సంవత్సరాలకు) తీసుకోండి. ఫసలీ జులై 1న మొదలవుతుంది, అప్పటి సంవత్సరంలోంచి 590 తీసేస్తే దాని అంకె వస్తుంది. 2021 జులైతో మొదలైంది 1431. తిరుపతి చుట్టుపక్కల వాళ్ళు దాన్ని మాత్రం ఎంచుకోవద్దు. ఆ నవంబరు వానలకు నగరం మునిగింది, రాయలచెరువు కట్ట ఏమవుతుందోనని కింది ఊళ్ళన్నీ టెన్షన్‌తో ఖాళీ చేశాయి. అలాంటి ఏడు పోలికకు పనికిరాదు.

ఏ ఏళ్ళు మామూలువో తేల్చడానికి ఊళ్ళో పెద్దాయన్ని ఒకర్ని అడగండి: "అన్నా, చెరువు నిండి మొరవ పారింది ఎప్పుడెప్పుడు?" ఆయన చెప్పిన ఏళ్ళు పక్కన పెట్టండి, బోర్లు ఎండిన ఏళ్ళూ పక్కన పెట్టండి. మిగిలిన వాటిలోంచి రెండు ఎంచుకుని మూడు రకాల బీడూ విడివిడిగా కూడి ఉంచండి.