ఇంగ్లండ్ పారిష్ రిజిస్టరు చదవడం ఎలా: స్ట్రాట్‌ఫర్డ్ పద్దులతో ఒక పాఠం

స్ట్రాట్‌ఫర్డ్ అపాన్ ఏవన్‌లోని హోలీ ట్రినిటీ చర్చి రిజిస్టరులో 1564 ఏప్రిల్ 26 కింద ఒక లాటిన్ పద్దు ఉంది: గులియెల్మస్ ఫిలియస్ యోహానెస్ షేక్స్‌పియర్. జాన్ కొడుకు విలియమ్ అని అర్థం, నాటకకర్త షేక్స్‌పియర్ ఇతడే. నాలుగు మాటలే. కొత్తగా రికార్డులు పట్టినవాళ్లు జారిపడే చోట్లు కూడా అందులో నాలుగున్నాయి. అది పుట్టినరోజు కాదు, బాప్తిస్మం ఇచ్చిన రోజు. ఏప్రిల్ 23న పుట్టాడన్నది ఊహే, దానికి కాగితం లేదు. లాటిన్‌లో వ్యాకరణం తప్పింది. జాన్ యొక్క అనాలంటే యోహానిస్ అని ఉండాలి. గులియెల్మస్ అని ఆ పిల్లవాణ్ని ఎవరూ పిలవలేదు, అది గుమాస్తా రాత. అన్నిటికంటే ముఖ్యం, ఆ పేజీ 1564లో రాసింది కాదు. సుమారు 1600లో తీసిన నకలు.

నకలు ఎందుకు వచ్చిందో తెలియాలంటే ఆజ్ఞల చరిత్ర కొంచెం తెలియాలి. 1538లో ఎనిమిదో హెన్రీ రాజు మంత్రి థామస్ క్రామ్‌వెల్ ప్రతి పారిష్‌లో, అంటే ఒక చర్చి కిందికి వచ్చే ఊరి పరిధిలో, బాప్తిస్మాలు, పెళ్లిళ్లు, సమాధులు రాసే పుస్తకం పెట్టమన్నాడు. ప్రతి ఆదివారం చర్చి వార్డెన్ల (చర్చి వ్యవహారాలు చూసే ఊరివాళ్ల) ఎదుట రాయాలి, రెండు తాళాల పెట్టెలో ఉంచాలి, మానేస్తే 3 షిల్లింగుల 4 పెన్స్ జరిమానా. ఆ తొలి పుస్తకాలు చాలావరకు కాగితానివి. 1598 నుంచి తోలు పత్రాల మీదకు ఎక్కించమన్నారు. మొదటి నుంచీ ఎక్కించాలి, ముఖ్యంగా ఎలిజబెత్ రాణి గద్దెనెక్కిన 1558 నుంచి అన్నది ఆజ్ఞ. ఆ 'ముఖ్యంగా' అన్న మాట చాలామందికి కలిసొచ్చింది, ముందటి ఇరవై ఏళ్లు వదిలేశారు. అందుకే ఎన్నో రిజిస్టర్లు సరిగ్గా 1558లో మొదలవుతాయి. స్ట్రాట్‌ఫర్డ్‌ది కూడా అంతే. నకలు చేసిన పేజీల అడుగున వికార్ (ఆ చర్చి గురువు) రిచర్డ్ బైఫీల్డ్, వార్డెన్లు సంతకాలు పెట్టారు, తాము ఆ పదవుల్లోకి రాకముందు జరిగినవాటికి కూడా.

కాబట్టి రిజిస్టరు తెరవగానే పేర్ల వెంట పడకండి. ముందు ఒక పది పేజీలు దస్తూరి మాత్రమే చూడండి. నలభై ఏళ్ల పాటు ఒకే చేయి, ఒకే సిరా, ఒకే వరస దూరం కనిపిస్తే అది నకలే. నకలులో వరసలు దాటిపోతాయి, ఏడాది శీర్షిక ఒక పద్దు ముందుకో వెనక్కో జరుగుతుంది. 1598 తర్వాతి కాలానికైతే సరిచూసుకునే మార్గం ఉంది: ప్రతి పారిష్ ఏటా ఒక ప్రతిని బిషప్‌కు పంపాలి, వాటిని బిషప్ ప్రతులు అంటారు. రెండింటిలో తేడా కనబడితే మీకు నచ్చినదాన్ని ఎంచుకోకుండా రెండూ రాసుకోండి. బిషప్ ప్రతి ఎప్పుడూ తక్కువ రకం అనుకోవడానికీ లేదు. కొన్నిసార్లు రిజిస్టరులో లేని పేరు అందులో ఉంటుంది.

రికార్డు ఎక్కడుంటుంది

ఊరి పేరు తెలిస్తే సరిపోదు. ఆ ఊరు ఏ కౌంటీ, ఆ కాలంలో ఏ బిషప్ కింద, ఆ ఊరికి సొంత చర్చి కోర్టు (నడవడి తప్పులు విచారించే చర్చి న్యాయస్థానం) ఉండేదా, ఈ మూడూ ఒక కాగితం మీద రాసుకున్నాకే వెతకాలి. స్ట్రాట్‌ఫర్డ్ వార్విక్‌షైర్ ఊరు, కాని అప్పట్లో వూస్టర్ బిషప్ కింద ఉండేది. అందుకే రిజిస్టరు స్ట్రాట్‌ఫర్డ్‌లోనే షేక్స్‌పియర్ బర్త్‌ప్లేస్ ట్రస్టు దగ్గర ఉంటే, పెళ్లి లైసెన్సు పూచీకత్తు వూస్టర్‌లో ఉంది. వీలునామా లండన్ శివారు క్యూలోని నేషనల్ ఆర్కైవ్స్‌లో ఉంది. ఊరి చర్చి కోర్టు పుస్తకాలు దొరికింది మాత్రం ఎక్కడో కెంట్ కౌంటీ ఆర్కైవ్స్‌లో. మన దగ్గర కూడా ఒక గ్రామం కైఫీయతు ఒకచోట, భూమి లెక్క మరోచోట ఉండటం తెలిసిందే కదా.

ఇంట్లో కూర్చుని మొదలుపెట్టేవాళ్లు నేషనల్ ఆర్కైవ్స్ వారి డిస్కవరీ క్యాటలాగుతో మొదలుపెట్టాలి. ఇతర ఆర్కైవుల్లోని సరుకు వివరాలు కూడా అందులో తగులుతాయి. తర్వాత ఫ్యామిలీసెర్చ్, ఫ్రీరెగ్ అనే వెబ్‌సైట్లు, రెండూ ఉచితం. అయితే అక్కడ దొరికే పేర్ల సూచికను ఊరి దారి చూపే బోర్డులా వాడండి, సాక్ష్యంగా కాదు. సూచిక తయారు చేసినవాళ్లు పక్కన గీసిన గమనికలను వదిలేస్తారు, చరిత్ర తరచు ఆ గమనికల్లోనే ఉంటుంది. షేక్స్‌పియర్ కాగితాలతో సాధన చేయాలనుకుంటే ఫోల్జర్ గ్రంథాలయం నడిపే షేక్స్‌పియర్ డాక్యుమెంటెడ్ సైట్‌లో మూల చిత్రాలు, పక్కనే ఎత్తిరాసిన పాఠం రెండూ దొరుకుతాయి. పాఠం మూసేసి ముందు మీరు చదివి, తర్వాత సరిచూసుకోవచ్చు.

తేదీ

ఎక్కువమంది తప్పు చేసేది ఇక్కడే. మనకు సంవత్సరం ఉగాదికి మారినట్టు, 1752కు ముందు ఇంగ్లండ్‌లో సంవత్సరం మార్చి 25న మారేది. జనవరి, ఫిబ్రవరి, మార్చి 24 దాకా పాత ఏడాది లెక్కే. షేక్స్‌పియర్ కవల పిల్లలు హామ్నెట్, జూడిత్‌ల బాప్తిస్మం రిజిస్టరులో 1584 ఫిబ్రవరి 2 కింద ఉంది. అది మన లెక్కలో 1585. ఉన్నది ఉన్నట్టు 1584 అని రాసుకుంటే ఏమవుతుందో చూడండి: పెద్దమ్మాయి సుజానా బాప్తిస్మం 1583 మే 26, ఎనిమిది నెలల వారం తిరిగేసరికి కవలలు! ఇలా లెక్క పొసగని చోట ముందు అనుమానించాల్సింది తల్లిని కాదు, క్యాలెండరును.

ఈ మూడు నెలల తేదీలను ఎప్పుడూ రెండు ఏళ్లతో రాయండి: 1584/5 ఫిబ్రవరి 2. సంవత్సరం జనవరి 1కి మారింది 1752 నుంచి. అదే ఏడు సెప్టెంబర్ 2 తర్వాతి రోజు సెప్టెంబర్ 14 అయింది. ఆ పదకొండు రోజుల్ని వెనకటి తేదీలకు కలపడం తీసేయడం వద్దు, రోజు ఉన్నట్టే ఉంచాలి. క్వేకర్లు అనే క్రైస్తవ శాఖ రికార్డుల్లో నెలలకు పేర్లుండవు, అంకెలే ఉంటాయి. 1752కు ముందు వాళ్ల మొదటి నెల మార్చి. జనవరి అనుకుంటే అన్నీ రెండు నెలలు జరిగిపోతాయి.

షేక్స్‌పియర్ వీలునామాలో తేదీ దగ్గర జనవరి అని రాసి, కొట్టేసి, మార్చి అని దిద్దారు. 1616 మార్చి 25 అంటే సరిగ్గా వాళ్ల సంవత్సరాది. జనవరిలో మొదలైన చిత్తును మార్చి నెలలో సవరించి రాశారని చాలామంది పండితులు భావిస్తారు. ముద్రించిన పాఠంలో ఈ కొట్టివేత కనబడకపోతే ఆ ఆధారమే పోతుంది. కాబట్టి ఎత్తిరాసేటప్పుడు కొట్టివేతలను కూడా రాయండి.

దస్తూరి

16, 17 శతాబ్దాల గుమాస్తాలు వాడిన రాతను సెక్రటరీ హ్యాండ్ అంటారు. కరణాల గొలుసుకట్టు చూసినవాళ్లకు ఆ బాధ కొత్తకాదు. అందులో ఇంగ్లిషు అక్షరం 'ఇ' (e) తిరగబడి గుండ్రంగా ఉంటుంది, 'సి' మనం నేర్చుకున్న 'ఆర్'లా కనబడుతుంది, 'హెచ్' తోక వరస కిందికి దిగుతుంది, పదం మొదట్లోని పొడుగాటి 'ఎస్' అడ్డగీత లేని 'ఎఫ్'లా ఉంటుంది. పెద్ద 'ఎఫ్' బదులు రెండు చిన్న 'ఎఫ్'లు పక్కపక్కన రాస్తారు. 'యు', 'వి' ఒకదాని చోట ఒకటి వస్తాయి. 'ఐ', 'జె' కూడా అంతే. 'వై, ఇ' అని కనబడే పొట్టి మాటను 'ది' అని చదవాలి. అక్కడున్నది 'వై' కాదు, తార్న్ అనే పాత అక్షరం.

పద్ధతి ఇదీ. చిత్రాన్ని రెండింతలు పెద్దది చేసి, తెలిసిన మాటలు ముందు పట్టండి: నెలల పేర్లు, జాన్, థామస్, ఎలిజబెత్. ఆ మాటల నుంచి ఆ గుమాస్తా అక్షరమాలను ఒక కాగితం మీద గీసుకోండి, అక్షరానికి కనీసం మూడు నమూనాలు. ఇంటిపేర్లు చివరికి. 'ఐ, ఎమ్, ఎన్, యు' అన్నీ ఒకే రకం నిలువు గీతలు కాబట్టి ఊహించకుండా గీతలు లెక్కపెట్టండి. ఏడు గీతలుంటే ఏయే అక్షరాలు కలిస్తే ఏడవుతుందో చూడాలి. చేయి మారితే పాత పట్టిక పక్కన పెట్టి కొత్తది గీయండి. మొదట్లో పేజీకి ఒక పూట పట్టినా కంగారుపడక్కర్లేదు. నేషనల్ ఆర్కైవ్స్ సైట్‌లో ఈ రాత నేర్పే ఉచిత పాఠాలున్నాయి.

అంకెలు రోమన్. చివరి 'ఐ'ని 'జె'గా లాగుతారు, కాబట్టి 'వి, ఐ, ఐ, జె' అంటే ఎనిమిది. అంకె మీద చిన్నగా రెండు 'ఎక్స్'లుంటే దాన్ని ఇరవైతో గుణించాలి. డబ్బు లెక్కలో, పాత కాలం 12 పైలు అణా అయినట్టు, 12 పెన్స్ ఒక షిల్లింగు. 20 షిల్లింగులు ఒక పౌండు. మధ్యలో మార్కు అనే లెక్క ఒకటుంది, 13 షిల్లింగుల 4 పెన్స్. నాణెంగా లేకపోయినా జరిమానాల్లో అది తెగ కనిపిస్తుంది. క్రామ్‌వెల్ పెట్టిన 3 షిల్లింగుల 4 పెన్స్ వింత మొత్తంలా ఉంటుంది గానీ, అది మార్కులో పావు.

ఎత్తిరాసే పట్టికలో ఆకు సంఖ్య, వరస, తేదీ ఉన్నది ఉన్నట్టు, సరిచేసిన తేదీ, పేరు ఉన్నది ఉన్నట్టు, మామూలు పేరు, పక్క గమనిక, అనుమానం అని ఎనిమిది గడులు పెట్టండి. అనుమానం గడి ఖాళీగా ఉంటే పేజీ మళ్లీ చదవాల్సిందే.

రిజిస్టరులో లేనివాళ్లు

బాప్తిస్మానికి ముందే పోయిన శిశువు పుట్టుక ఆ పుస్తకంలో కనబడదు. 16వ శతాబ్దంలో పుట్టిన కొద్దిరోజులకే చర్చికి తెచ్చేవారు, 18వ శతాబ్దం చివరికి ఆ వ్యవధి సుమారు నెలకు పెరిగింది, లోటు కూడా దాంతోపాటే పెరిగింది. బాప్టిస్టులు పసివాళ్లకు బాప్తిస్మం ఇవ్వరు. క్వేకర్ల పుస్తకాలు వేరు. క్యాథలిక్కులు వీలైనంత దాక్కునేవారు. 1653 నుంచి 1660 దాకా లెక్క చర్చి చేతిలోంచి తప్పించారు, అప్పుడు చాలాచోట్ల ఖాళీలే. 1783లో పద్దుకు 3 పెన్స్ పన్ను వేశారు, పేదలకు మినహాయింపు, 1794లో ఎత్తేశారు. ఆ పదకొండేళ్లలో పేదల సంఖ్య అమాంతం పెరిగినట్టు కనిపిస్తే తొందరపడకండి.

షేక్స్‌పియర్ పెళ్లి పద్దు కూడా స్ట్రాట్‌ఫర్డ్‌లో లేదు. వూస్టర్‌లో ఉన్నది 1582 నవంబర్ 28 నాటి 40 పౌండ్ల పూచీకత్తు. మామూలుగా మూడుసార్లు చర్చిలో ప్రకటించాల్సిన పెళ్లిని ఒక్క ప్రకటనతో చేసుకోనివ్వమని. ముందురోజు బిషప్ రిజిస్టరులో పెళ్లికూతురి పేరు ఆన్ హాథవే బదులు ఆన్ వేట్లీ అని పడింది. గుమాస్తా పొరపాటన్నదే తేలికైన సమాధానం. దానిమీద ముక్కోణపు ప్రేమకథలు అల్లినవాళ్లకు మాత్రం కొదవ లేదు.

సమాధుల పద్దుల్లో 1564 జూలై 11 పక్కన లాటిన్‌లో 'ఇక్కడ తెగులు (ప్లేగు) మొదలైంది' అని ఉంది. గమనిక లేని చోట మీరే పట్టుకోవాలి: నెలవారీగా సమాధులు లెక్కించి, అటూ ఇటూ ఐదేసి ఏళ్ల అదే నెల సగటుతో పోల్చండి, రెట్టింపు దాటితే గుర్తు పెట్టండి. చరిత్రకారులు రిగ్లీ, స్కోఫీల్డ్ 1981లో ప్రచురించిన ఇంగ్లండ్ జనాభా చరిత్రకు ముడిసరుకు ఇలాంటి నెలవారీ లెక్కలే, 404 పారిష్‌లవి, ఎక్కువగా స్థానిక ఔత్సాహికులు కూడినవి. ఒక్క ఊరి బాప్తిస్మాల్లోంచి సమాధులు తీసేసి ఇదీ జనాభా పెరుగుదల అనేయకండి, వలసలు ఆ పుస్తకంలో ఉండవు.

మతం దగ్గర జాగ్రత్త

1616 మార్చి 15న స్ట్రాట్‌ఫర్డ్‌లో మార్గరెట్ వీలర్‌ను, ఆమె బిడ్డను పాతిపెట్టారు. రిజిస్టరు చెప్పేది అంతే. పదకొండు రోజుల తర్వాత చర్చి కోర్టు పుస్తకంలో థామస్ క్వినీ ఆమెతో సంబంధాన్ని ఒప్పుకున్నాడు. అతడు షేక్స్‌పియర్ కూతురు జూడిత్‌ను పెళ్లాడింది ఫిబ్రవరి 10న. రిజిస్టరులో అది 1615 కింద ఉంటుంది, కారణం పైన చెప్పిందే. తెల్ల దుప్పటి కప్పుకుని మూడు ఆదివారాలు చర్చిలో నిలబడాలన్న శిక్షను, పేదలకు 5 షిల్లింగులు ఇచ్చి తప్పించుకున్నాడు. రిజిస్టరును, కోర్టు పుస్తకాన్ని పక్కపక్కన పెట్టి తేదీలవారీగా ఒకే పట్టికలో కలపడం అలవాటు చేసుకోండి. రెండు సమాధుల వెనక ఉన్న కథ అలా తప్ప బయటికి రాదు.

విశ్వాసం గురించి రాసేటప్పుడు రికార్డు ఎంతవరకు చెబుతుందో అంతే రాయాలి. 1563/4 జనవరి నాటి ఊరి లెక్కల్లో గిల్డ్ చాపెల్ అనే చిన్న చర్చిలో బొమ్మలు చెరిపినందుకు 2 షిల్లింగుల ఖర్చుంది. ఆ లెక్కలు చూసింది ఊరి ఉద్యోగంలో ఉన్న విలియమ్ తండ్రి జాన్ షేక్స్‌పియర్. 1592లో అదే జాన్ చర్చికి రానివాళ్ల జాబితాకెక్కాడు, అప్పు దావాకు భయపడి రావడంలేదన్న గమనికతో. చర్చిలో బొమ్మలు ప్రొటెస్టెంట్లకు గిట్టవు, క్యాథలిక్కులు ఆ చర్చికి రావడానికి ఇష్టపడరు; అయినా మొదటిది చూసి ప్రొటెస్టెంట్ అన్నా, రెండోది చూసి దొంగచాటు క్యాథలిక్ అన్నా కాగితం కంటే ముందుకు పోయినట్టే. ఒకటి ఉద్యోగ ధర్మం, రెండోది అధికారులు రాసుకున్న మాట. వీలునామా మొదట్లో ఉండే దైవప్రార్థన కూడా చాలాసార్లు గుమాస్తా దగ్గర తయారుగా ఉన్న వాక్యమే. ఒకే గుమాస్తా రాసిన ఐదారు వీలునామాలు పక్కన పెట్టి చూస్తే తెలిసిపోతుంది.

ఇదే పద్ధతి మనకు దగ్గరి రికార్డులకూ పనికొస్తుంది. మచిలీపట్నం, విశాఖపట్నం వంటి చోట్ల ఆంగ్లేయుల బాప్తిస్మాలు, పెళ్లిళ్లు, సమాధుల వివరాలు మద్రాసు ప్రెసిడెన్సీ నుంచి లండన్‌కు పంపేవారు. బ్రిటిష్ లైబ్రరీ ఇండియా ఆఫీస్ రికార్డుల్లో అవి ఎన్/2 వరుసలో ఉన్నాయి. అవి కూడా బిషప్ ప్రతుల్లాగే పంపడానికి తీసిన నకళ్లు. చర్చిలో అసలు రిజిస్టరు ఇంకా మిగిలి ఉంటే ముందు దాన్ని అడగండి. రాసుకునేటప్పుడు ఏ ప్రతి చూశారో, దాని వరుస సంఖ్య, ఆకు, చూసిన తేదీ పక్కనే వేయండి.