క్రిమినల్ సమన్లను పైకోర్టులో సవాలు చేయడం ఎలా?

సమన్లు అందుకున్న మనిషి హనుమకొండ అదాలత్ సెంటర్‌కు వచ్చి వకీలుతో అనే మొదటి మాట దాదాపు ఒకటే: "నేనేం తప్పు చేయలే సార్, హైకోర్టుల కేసు కొట్టేయించుండ్రి." తప్పు చేశారా లేదా అన్నది విచారణలో సాక్ష్యాలను బట్టి తేలవలసిన విషయం. ఫిర్యాదులో రాసినదంతా నిజమే అనుకున్నా అది మీ మీద నేరం అవుతుందా, మిమ్మల్ని పిలిపించే ముందు మేజిస్ట్రేటు చట్టం చెప్పిన పద్ధతిని పాటించారా అన్నంత వరకే పైకోర్టు ఈ దశలో చూస్తుంది.

సమన్ల కాగితంలో సి.సి. నంబరు (కోర్టు కేసుకు ఇచ్చిన నంబరు), సెక్షన్లు, పేషీ తేదీ తప్ప పెద్దగా ఏమీ ఉండవు. మనం సవాలు చేసేది ఆ కాగితాన్ని కాదు, దాని వెనుక ఉన్న ఉత్తర్వును. కనుక ముందుగా కాపీ దరఖాస్తు పెట్టి ఫిర్యాదు లేదా చార్జిషీటు, ఫిర్యాదుదారు ప్రమాణ వాంగ్మూలం, డాకెట్ ఆర్డర్ (మిమ్మల్ని పిలిపించమంటూ మేజిస్ట్రేటు కేసు ఫైలులో రాసిన ఉత్తర్వు), వీటి సర్టిఫైడ్ కాపీలు తీసుకోవాలి. డాకెట్ ఆర్డర్ చాలాసార్లు రెండు మూడు పంక్తులకు మించదు. నిందితుడిని పిలిపించడం చిన్న విషయం కాదని, మేజిస్ట్రేటు బుద్ధి పెట్టి పరిశీలించినట్టు ఉత్తర్వులో కనిపించాలని పెప్సీ ఫుడ్స్ కేసులో సుప్రీంకోర్టు 1997లోనే చెప్పింది. అయితే వివరమైన కారణాలు రాసి తీరాలన్న నియమం లేదని 2012లో మరో తీర్పు ఉన్నందున, ఉత్తర్వు క్లుప్తంగా ఉందన్న ఒక్క వాదనను నమ్ముకుని బయలుదేరడం నా దృష్టిలో తెలివైన పని కాదు.

గట్టి ఆధారం ఎలా ఉంటుందో ఒక ఊహాజనిత ఉదాహరణతో చూద్దాం. ఏనుమాముల మార్కెట్‌లో ఇద్దరు భాగస్థులు మిర్చి అడ్తి (కమీషన్ వ్యాపారం) నడిపారనుకోండి. ఒకరు విరమణ పత్రం రాసుకుని తప్పుకున్నారు, ఆ మార్పు రిజిస్ట్రార్ ఆఫ్ ఫర్మ్స్ దగ్గర నమోదైంది. ఆ తరువాత రెండేళ్లకు మిగిలిన భాగస్థుడు ఇచ్చిన చెక్కు బౌన్సు కాగా, సమన్లు ఇద్దరికీ వచ్చాయి. చెక్కు నాటికి తాను అడ్తిలో లేనని చూపే, ఎవరూ కాదనలేని పత్రం మొదటివారి చేతిలో ఉంది కాబట్టి ఆయనకు మంచి అవకాశం ఉంటుంది. సంతకం చేసిన భాగస్థుడు "సరుకు నాణ్యత బాగా లేదు, అందుకే డబ్బు ఆపాను" అంటే మాత్రం అది విచారణలో తేల్చుకోవలసిన వాదనే అవుతుంది.

సమన్లు జారీ చేసిన మేజిస్ట్రేటే వాటిని వెనక్కి తీసుకోలేరని 2004లో సుప్రీంకోర్టు ముందుకు వచ్చిన అదాలత్ ప్రసాద్ కేసులో తేలిపోయింది. మిగిలిన దారులు రెండు. ఒకటి, పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 438వ సెక్షన్ కింద సెషన్స్ కోర్టులో రివిజన్, అంటే కింది కోర్టు ఉత్తర్వు సరైనదా కాదా పరిశీలించమని కోరడం. దీనికి గడువు 90 రోజులు. ఆ గడువును సమన్లు చేతికి అందిన రోజు నుంచి కాక ఉత్తర్వు తేదీ నుంచి లెక్కిస్తారు కాబట్టి, గడువు దాటిపోతే ఆలస్యాన్ని మన్నించమని వేరే దరఖాస్తు కూడా జతచేయాలి. రెండోది, 528వ సెక్షన్ కింద, అంటే పాత కోడ్‌లోని 482 కింద, హైదరాబాదులోని తెలంగాణ హైకోర్టులో క్వాష్ పిటిషన్, అంటే కేసునే కొట్టేయమని కోరే పిటిషన్. దీనికి నిర్ణీత గడువు లేకపోయినా, అనవసరంగా ఆలస్యం చేస్తే జవాబు చెప్పుకోవాల్సి వస్తుంది. రివిజన్ అవకాశం ఉన్నంత మాత్రాన హైకోర్టు తలుపు మూసుకోదని 2016లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఖర్చు, ప్రయాణం చూసుకుంటే రివిజన్ తేలిక. కానీ అక్కడ ఓడితే మళ్లీ రెండో రివిజన్ వేయడానికి వీలుండదు.

ఎక్కువ మంది దెబ్బతినేది పేషీ విషయంలో. హైకోర్టులో పిటిషన్ వేశాం కదా అని కింది కోర్టుకు వెళ్లడం మానేస్తే నాన్‌బెయిలబుల్ వారంటు రావచ్చు, ఎందుకంటే పిటిషన్ దాఖలైనంత మాత్రాన కింది కేసు ఆగదు. అందుకే క్వాష్ పిటిషన్‌తో పాటే స్టే కోసం, వ్యక్తిగత హాజరు మినహాయింపు కోసం విడిగా దరఖాస్తులు వేయించాలి. అవి తేలేవరకు మేజిస్ట్రేటు కోర్టులో వకాలత్ (వకీలుకు ఇచ్చే అధికార పత్రం) దాఖలు చేసి ప్రతి పేషీకి హాజరు కావాలి, లేదా 228వ సెక్షన్ కింద అక్కడే మినహాయింపు కోరాలి. వకీలును పెట్టుకునే స్తోమత లేనివారు, మహిళలు, ఎస్సీ, ఎస్టీలు జిల్లా న్యాయసేవాధికార సంస్థను ఆశ్రయించవచ్చు.

స్టే దొరికిన రోజే దాని కాపీ తీసుకుని, తరువాతి పేషీ కంటే ముందే మెమోతో (కోర్టుకు విషయం తెలిపే చిన్న కాగితంతో) కింది కోర్టులో దాఖలు చేయించండి. స్టే ఒక తేదీ వరకే ఇచ్చి ఉంటే, ఆ తేదీలోగా పొడిగింపు కోరడం మరిచిపోకండి.