పేపర్ కార్టూన్లు పదికాలాలు దాచుకోవాలంటే

మా నాన్న విశాఖ పోర్టులో పనిచేసేవారు. ఆయన పోయాక బీరువాలో ఏడు లాంగ్ నోట్‌బుక్కులు దొరికాయి. నిండా పేపర్లలోంచి కత్తిరించిన కార్టూన్లే. చిన్నప్పుడు నేను సెలోటేపుతో అతికించినవన్నీ పాడయ్యాయి. టేపు ఎండి ఊడిపోయింది, జిగురు కాగితంలోకి ఇంకి బొమ్మ మీద గోధుమరంగు పట్టీ మిగిలింది. ఆ మరక ఇక పోదు. అందుకే టేపు వద్దు, లామినేషనూ వద్దు.

కత్తెర పట్టకముందే మార్జిన్‌లో పెన్సిల్‌తో పేపరు పేరు, తేదీ రాయండి. పాకెట్ కార్టూన్, అంటే ఆనాటి వార్త మీద వేసే చిన్న ఒంటి బొమ్మ అయితే, అది ఏ వార్త మీద వేసిందో కూడా ఒక ముక్క రాయాలి. ఈనాడులో శ్రీధర్ గారి 'ఇదీ సంగతి' పక్కన నాన్న అలాగే రాసేవారు. ఆ ముక్క లేకపోతే ఇవాళ వాటిలో సగం నాకు అర్థం కావు.

వరసగా కొన్ని బొమ్మలుండే స్ట్రిప్ సంగతి వేరు. 1936లో మొదలైన ముసుగు వీరుడు ఫాంటమ్ రోజుకు మూడు నాలుగు బొమ్మలతో నడిచే కథ. ఒక్కరోజు తప్పిందంటే కథ తెగిపోతుంది. పైగా 1939 నుంచి ఆదివారాలు రంగుల్లో వేరే కథ నడిచింది. ఇలాంటి సీరియల్ స్ట్రిప్పుల్లో రోజువారీవి ఒక పుస్తకంలో, ఆదివారాలవి ఇంకోదాంట్లో పెట్టుకోండి. చార్లీ బ్రౌన్, అతని కుక్క స్నూపీ ఉండే పీనట్స్ లాంటివి చాలావరకు ఏ రోజుకారోజే, తేదీ వరస ఉంటే చాలు.

అతికించే ముందు స్కాన్ చేయండి. పేపరు పల్చన కాబట్టి వెనక అచ్చు ముందుకు కనబడుతుంది. వెనకాల నల్ల కాగితం పెట్టి 600 డీపీఐలో (అంగుళానికి 600 చుక్కలు) స్కాన్ చేస్తే ఆ నీడ చాలావరకు పోతుంది, గీత శుభ్రంగా వస్తుంది.

జిగురుకి మైదా పేస్టే మేలు. చెంచాడు మైదా అరకప్పు నీళ్లలో ఉండల్లేకుండా కలిపి, సన్నసెగ మీద కాస్త అద్దంలా మెరిసేదాకా ఉడికించి, చల్లార్చాలి. బొమ్మ వెనకంతా పూయొద్దు. పై అంచున సన్నటి గీతలా రాసి, బరువు కింద ఒక రాత్రి ఉంచండి. పేస్టు ఎక్కువైతే పురుగులు చేరతాయి. న్యూస్‌ప్రింట్ వెలుగు తగిలితే పసుపెక్కుతుంది కాబట్టి ఎండ పడని అలమారలో, గోడకు ఆనకుండా పెట్టండి.

పై అంచు ఒక్కటే అతికించమనడానికి ఇంకో కారణం ఉంది. నాన్న అతికించినవి కొన్ని అలాగే ఉన్నాయి. ఒకటి ఎత్తి చూస్తే వెనకాల సగం తెగిన సినిమా ప్రకటన, ఆట టైములు. మా అబ్బాయి ఇప్పుడు బొమ్మ చూసి ఊరుకోడు, ప్రతిదీ ఎత్తి వెనక్కి చూస్తాడు.