ఎరోఎస్ దెల్ సిలెన్సియో ఆల్బమ్‌లు ఏ వరుసలో వినాలి?

స్పెయిన్‌లోని సరగోసాలో పుట్టిన ఈ రాక్ బ్యాండ్‌వి స్టూడియో ఆల్బమ్‌లు నాలుగే, అయినా విడుదలైన వరుసలో వినకండి. ముందు 1990 నాటి ‘సెందేరోస్ దే త్రైసియోన్’ పెట్టుకుని, ‘ఎంత్రే దోస్ తియెర్రాస్’ పాటలో హువాన్ వాల్దివియా గిటార్ బున్‌బురి గొంతు చుట్టూ ఎలా అల్లుకుంటుందో హెడ్‌ఫోన్స్‌లో రెండు మూడుసార్లు వినండి. తర్వాత వెనక్కి, 1988 నాటి ‘ఎల్ మార్ నో సేసా’కి వెళ్తే అదే బ్యాండ్ ఎంత మెత్తగా, పాప్‌కి ఎంత దగ్గరగా ఉండేదో తెలుస్తుంది.

1993 నాటి ‘ఎల్ ఎస్పీరితు దెల్ వీనో’ పెద్దది, చిక్కనిది. ఒకేసారి పూర్తి చేయాలని టెన్షన్ పడకుండా సగం సగం వినండి, నాకైతే వీళ్ల బెస్ట్ ఇదే. ఆఖరిది ‘అవలాంచా’, 1995లో బాబ్ ఎజ్రిన్ నిర్మాణంలో వచ్చింది, సౌండ్ బాగా హార్డ్. 1996లో విడిపోయారు. 2007లో మళ్లీ కలిసి చేసిన టూర్ లైవ్ రికార్డింగ్ మాత్రం ఇవన్నీ అయ్యాకే వినండి.