పొందూరు పత్తి పీచు మందం: మైక్రోస్కోపులో డిఫ్రాక్షన్ తప్పు తీసేయడం ఎలా

శ్రీకాకుళం జిల్లా పొందూరు ఖాదీలో 100 కౌంటు (కౌంటు అంటే నూలు సన్నదనం అంకె, పెరిగేకొద్దీ పోగు సన్నం) నూలు పోగు మందం లెక్క ప్రకారం 91 మైక్రాన్లు, మైక్రాన్ అంటే మి.మీ.లో వెయ్యో వంతు. కౌంటు వర్గమూలాన్ని 28తో గుణించి, అంగుళాన్ని దానితో భాగిస్తే వచ్చేది ఇది. ఆ పోగులో ఒక్కో పత్తి పీచు 15 మైక్రాన్ల దరిదాపు. పోగు కొలతలో అర మైక్రాన్ తప్పు వచ్చినా ఫరవాలేదు. పీచు దగ్గర అదే అర మైక్రాన్ మూడు శాతానికి పైన తేలుతుంది. కొండపత్తికీ పునాస పత్తికీ సన్నదనంలో తేడా ఉందో లేదో తేల్చాలనుకునేవాళ్లకు అడ్డొచ్చేది ఆ మూడు శాతమే.

ఆ అర మైక్రాన్ పరికరం లోపం కాదు. అంచు దగ్గర కాంతి వంగడం వల్ల, అంటే డిఫ్రాక్షన్ వల్ల, అంచు గీతలా కాకుండా మసక పట్టీలా కనిపిస్తుంది. కాలేజీ మైక్రోస్కోపుల్లో 10ఎక్స్ ఆబ్జెక్టివ్ (స్లైడు వైపు ఉండే కటకం) మీద 0.25 అని ఉంటుంది, అది ఎన్.ఎ., అంటే న్యూమరికల్ అపర్చర్, కటకం ఎంత వెడల్పు కోణం నుంచి వెలుగు పట్టుకుంటుందో చెప్పే అంకె. పచ్చ కాంతి తరంగదైర్ఘ్యం 0.55 మైక్రాన్లను 0.61తో గుణించి ఎన్.ఎ.తో భాగించండి: 1.34 మైక్రాన్లు. దానికన్నా దగ్గరగా ఉన్న రెండు చుక్కలు విడిగా కనబడవు. 40ఎక్స్, 0.65 అయితే 0.52.

ఎక్కువమంది పొరబడేది ఇక్కడే. స్టేజ్ మైక్రోమీటరుతో (సన్నటి స్కేలు గీసిన గాజు స్లైడు) కాలిబ్రేట్ చేశాం కాబట్టి అంతా సరే అనుకుంటారు. ఆ స్కేలు మీద గీతల ఎడం 10 మైక్రాన్లు. ఒక గీత ఎడమ అంచు నుంచి పక్క గీత ఎడమ అంచు దాకా కొలుస్తాం కదా, రెండు అంచులూ ఒకే వైపుకి ఒకే మేరకు జరుగుతాయి, తప్పు దానంతట అదే కొట్టుకుపోతుంది. పీచు దగ్గర అలా కాదు. ఎడమ అంచు ఎడమకి, కుడి అంచు కుడికి జరిగి రెండు తప్పులూ కలుస్తాయి. అంటే కాలిబ్రేషన్ పక్కాగా ఉన్నా పీచు లావుగానే వస్తుంది.

ముందు కండెన్సర్ సంగతి చూడండి, అంటే స్లైడు కింద వెలుగును కూడగట్టే కటకం; దానికుండే, తెరిచి మూసే రంధ్రమే ఐరిస్. ఐపీసు తీసి గొట్టంలోకి చూస్తే వెలుగు వృత్తం కనిపిస్తుంది. ఐరిస్‌ను ఆ వృత్తంలో మూడింట రెండు వంతులు వెలిగేలా పెట్టండి. బొమ్మ కాంట్రాస్టుగా రావాలని ఐరిస్ బాగా మూసేస్తే అంచుల పక్కన చారలు పుడతాయి, నిజమైన అంచు వెలుగు సగానికి తగ్గే చోట కాకుండా పావు వంతుకి తగ్గే చోట ఉంటుంది. అప్పుడూ సగం దగ్గరే అంచు అని గీస్తే, వెలుగును ఆపే వస్తువు 10ఎక్స్‌లో ఒక్కో పక్క 0.23 మైక్రాన్ లావెక్కుతుంది, రెండు పక్కలా 0.47. ఐరిస్ ఎంత తెరిచారో రాసిపెట్టుకోండి, మధ్యలో మార్చొద్దు.

పీచును నీటిలో పెట్టొద్దు, ఉబ్బుతుంది. మందుల షాపులో దొరికే లిక్విడ్ పారఫిన్ రెండు చుక్కలు చాలు. గాలిలో పెడితే అంచున నల్లటి పట్టీ వస్తుంది, అది వక్రీభవనం చేసేది, దాన్ని డిఫ్రాక్షన్ లెక్కతో దిద్దలేం. కవర్ గ్లాసు 0.17 మి.మీ. ఉండాలి, 40ఎక్స్ ఆ మందానికే తయారైంది. ముసురు పట్టిన రోజుల్లో పత్తి తేమ పీల్చుకుని లావవుతుంది కాబట్టి నమూనాను 65 శాతం తేమలో ఒక రోజు ఉంచాకే పారఫిన్ వేయండి. ఫోనుతో ఫొటో తీస్తే షార్ప్‌నింగ్ ఆపేయండి, అది అంచు పక్కన లేని తెల్లగీత గీస్తుంది.

ఇక దిద్దుబాటు. అంచు తప్పు తరంగదైర్ఘ్యాన్ని ఎన్.ఎ.తో భాగించిన దానికి అనుపాతంలో ఉంటుంది. అందుకని ఒకే పీచును, ఒకే చోట, రెండు ఆబ్జెక్టివ్‌లతో కొలవండి. పత్తి పీచు మెలిపడిన రిబ్బను లాంటిది, పక్కకి 20 మైక్రాన్లు జరిగినా వెడల్పు మారిపోతుంది, కాబట్టి మెలిక ఒకదాన్ని గుర్తు పెట్టుకోండి. రెండిటికీ ఐరిస్ ఆ మూడింట రెండు వంతులే. ఉదాహరణకి 10ఎక్స్‌లో 15.9, 40ఎక్స్‌లో 15.4 వచ్చాయనుకోండి. 1ని ఎన్.ఎ.తో భాగిస్తే మొదటిదానికి 4, రెండోదానికి 1.54. తేడా 2.46కి వెడల్పు 0.5 పెరిగింది, అంటే ఒక్కో యూనిట్‌కి 0.203. 1.54కి 0.31 అవుతుంది. 15.4లోంచి తీసేస్తే నిజమైన మందం 15.1. ఒక్క పీచుతో సరిపెట్టుకోకండి, కనీసం ముప్పై పీచుల మీద ఈ 0.203 లాంటి అంకె సగటు తీసి అన్నిటికీ అదే వాడండి.

మీ పద్ధతి సరిగ్గా ఉందా అని తేల్చుకోవడానికి నల్లటి తలవెంట్రుక, ఎర్ర లేజర్ పాయింటరు చాలు. అట్టముక్కలో కిటికీ కోసి వెంట్రుకను నిలువుగా బిగించి అతికించండి, లేజర్‌కీ మైక్రోస్కోపుకీ ఒకే ముఖం చూపించండి. వెంట్రుక గుండ్రంగా ఉండదు, తిప్పితే మందం మారుతుంది. లేజర్‌ను వెంట్రుక మీద పడేలా వేస్తే 3 మీటర్ల దూరంలో గోడ మీద వెలుగు మచ్చలూ వాటి మధ్య చీకటి మచ్చలూ కనిపిస్తాయి. వెంట్రుక 70 మైక్రాన్లు, లేజర్ 650 నానోమీటర్లు అయితే ఎడమ అయిదో చీకటి నుంచి కుడి అయిదో చీకటికి 279 మి.మీ. ఉంటుంది. మధ్య నుంచి దూరం అందులో సగం. 5ని తరంగదైర్ఘ్యంతో, గోడ దూరంతో గుణించి ఆ సగంతో భాగిస్తే మందం వస్తుంది. వెలుగు మచ్చల మధ్యలు పట్టుకోవద్దు, అవి చీకట్లకి సరిగ్గా నడుమ ఉండవు. వెలుగును ఎప్పుడూ కంటికి తగలనివ్వకండి, ఫ్యాను కూడా ఆపేయండి.

పాయింటరు మీద 650 అని ఉన్నా నమ్మొద్దు. సీడీని గ్రేటింగుగా (దగ్గరదగ్గర గీతలతో కాంతిని విడగొట్టే పలకగా) వాడి తరంగదైర్ఘ్యం కొలవమంటారు గానీ దాని ట్రాక్ ఎడం 1.6 మైక్రాన్లకి 0.1 అటూ ఇటూ ఉండొచ్చు, ఈ పనికి చాలదు. శ్రీకాకుళం, విజయనగరం డిగ్రీ కాలేజీ ఫిజిక్సు ల్యాబుల్లో అంగుళానికి 15,000 గీతల గ్రేటింగు అడిగి చూడండి. తెరను 500 మి.మీ. దూరంలో పెడితే 650కి మొదటి చుక్క మధ్య నుంచి 208 మి.మీ. దగ్గర పడాలి. 210 దగ్గర పడితే మీ లేజర్ 656. కుడి ఎడమ దూరాలు సమానం కాకపోతే తెర వంకరగా ఉన్నట్టు, దాన్ని సరిచేశాకే చదవండి. లేజర్ అంకెకీ, దిద్దిన మైక్రోస్కోపు అంకెకీ తేడా ఒక శాతం లోపు ఉంటే పత్తి స్లైడ్లు మొదలుపెట్టొచ్చు. మించితే మొదట అనుమానించాల్సింది ఐరిస్‌నే.