ఆన్‌లైన్ అంగడి, ఆరవ పాఠం: కొనుక్కున్న వీక్షణలు

గత పాఠంలో గద్వాల చీరకు ఫొటోలు తీసి లిస్టింగ్ (అమ్మకపు పేజీ) పెట్టడం నేర్చుకున్నాం. వారం గడిచినా ఎవరూ చూడకపోతే, కొద్ది డబ్బుకే వేల వ్యూస్ ఇస్తామనే ప్రకటనల మీదికి మనసు పోతుంది. అలా చూసేది మనుషులు కాదు, బాట్లు అనే ప్రోగ్రాములు. అవి పేజీని తెరిచి మూసేస్తాయి, అంతే.

నష్టం ఎంతో లెక్క వేసి చూడండి. నెలలో 200 వీక్షణలకు 4 చీరలు అమ్ముడయ్యాయనుకుందాం. అంటే నూటికి రెండు. వాటికి 5,000 బాట్ వీక్షణలు కలిస్తే అమ్మకాలు అవే నాలుగు, నిష్పత్తి మాత్రం 0.08 శాతానికి పడిపోతుంది. ఎట్సీ వంటి ఆన్‌లైన్ అమ్మకపు వేదికలు వెతుకులాట ఫలితాల వరుసను నిర్ణయించేటప్పుడు, చూసినవారు కొంటున్నారా లేదా అన్నదానిని కూడా గమనిస్తాయి కనుక, బాట్ల వీక్షణలు ఆ లెక్కలోకి చేరితే మన చీరను డబ్బిచ్చి మనమే అడుగుకు తోసుకున్నట్టవుతుంది.

నా దృష్టిలో దీనికన్నా పెద్ద నష్టం మరొకటి ఉంది. ఇంతమంది చూసి కూడా కొనలేదంటే ధర ఎక్కువేమోనని అమ్మకందారు 500 రూపాయలు తగ్గిస్తే, ఆ కోత చివరకు మగ్గం కూలి మీదే పడుతుంది. నిజమైన కొనుగోలుదారు నూలు ఒడలుకు పట్టు అంచు కలిసే చోటును ఫొటోలో పెద్దది చేసి చూస్తారు, వెనుక వైపు ఫొటో అడుగుతారు, గద్వాల నుంచి ఎన్ని రోజుల్లో చేరుతుందని ఆరా తీస్తారు. బాట్ ఇవేవీ చేయదు. వేదికలు దాన్ని పట్టుకోవడానికి ఇటువంటి తేడాలను కూడా చూస్తాయి. పట్టుబడితే లిస్టింగ్ తొలగిపోవచ్చు, ఖాతా మూతపడవచ్చు.

వ్యూస్ అమ్మేవారిలో కొందరు ఖాతా పాస్‌వర్డ్, ఓటీపీ కూడా అడుగుతారు. అమ్మకపు ఖాతాలో మన బ్యాంకు వివరాలే కాక కొనుగోలుదారుల చిరునామాలు కూడా ఉంటాయి కాబట్టి ఎట్టి పరిస్థితిలోనూ ఇవ్వకూడదు. చట్టం సంగతీ ఉంది: కేంద్రం 2023 నవంబరులో వెలువరించిన మార్గదర్శకాలు 13 మోసపు పద్ధతులను పేర్కొన్నాయి, లేని గిరాకీ చూపి కొనుగోలుదారును తొందరపెట్టడం వాటిలో ఒకటి.

అభ్యాసం: గత 30 రోజుల వీక్షణలు, కార్ట్‌లో చేరినవి, ఆర్డర్లు రోజువారీగా నోటుపుస్తకంలో మూడు వరుసలుగా రాయండి. మొదటి వరుస ఒక్కరోజులో ఎగబాకి, మిగతా రెండూ కదలకపోతే, ఆ రోజు వీక్షకులు ఎక్కడి నుంచి వచ్చారో వేదిక ఇచ్చే నివేదికలో వెతకండి. మీరు కొనకుండానే బాట్లు వచ్చాయనిపిస్తే, ధర జోలికి పోకుండా, ఆ తేదీలతో వేదిక సహాయ విభాగానికి ఫిర్యాదు రాయండి.