కారుణ్య నియామకం: ఫారం నింపే ముందు ఇంట్లో తేలాల్సిన సంగతులు

సర్వీసులో ఉండగా ప్రభుత్వ ఉద్యోగి చనిపోతే ఆ కుటుంబంలో ఒక్కరికే కారుణ్య నియామకం, అంటే ఆ ఇంటిని ఆదుకోవడానికి ప్రభుత్వోద్యోగం ఇస్తారు. అందుకని దరఖాస్తు ఎవరి పేరున పెట్టాలో ముందు ఇంట్లో తేల్చుకోవాలి. అన్నదమ్ములు చెరొక అర్జీ పెట్టుకున్న ఫైలు కదలదు.

ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో ఈ పథకానికి మూలం 1977 అక్టోబరు 3 నాటి ప్రభుత్వ ఉత్తర్వు, జీ.వో. 687. భార్య లేదా భర్త, కొడుకు, కూతురు అర్హులు. దత్తత బిడ్డకైతే, ఉద్యోగి మరణానికి కనీసం ఐదేళ్ల ముందే దత్తత చట్టప్రకారం జరిగి ఉండాలి. ఉద్యోగికి పెళ్లి కాకపోతే తమ్ముడికో చెల్లెలికో అవకాశం ఉంటుంది. పెళ్లైన కూతురికి 1999 నాటి జీ.వో. 350 మూడు షరతులు పెట్టింది: తోబుట్టువులు ఉండకూడదు, బతికున్న తల్లో తండ్రో తనకు ఉద్యోగం వద్దనాలి, చనిపోయిన ఉద్యోగి మీదే ఆమె ఆధారపడి ఉండాలి. ఇలాంటి షరతుల మీద కోర్టుల్లో కేసులు నడుస్తుంటాయి కాబట్టి తాజా ఉత్తర్వు ఏముందో ఆఫీసులో ఈ ఫైళ్లు చూసే సెక్షన్‌లో అడిగి తెలుసుకోండి.

గడువు మరణించిన తేదీ నుంచి ఏడాది. మైనర్ పిల్లలైతే మరణం తర్వాత రెండేళ్ల లోపు 18 నిండేవారినే పరిగణిస్తారు. ఎక్కువ కుటుంబాలు దెబ్బతినేది ఇక్కడే. పదేళ్ల కొడుకు కోసం ఉద్యోగాన్ని అట్టే పెట్టి ఉంచరు. ఇది వారసత్వ హక్కు కాదని, ఉన్నపళంగా ఆదాయం పోయిన ఇంటిని నిలబెట్టే మినహాయింపు మాత్రమేనని సుప్రీంకోర్టు 1994లో ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులో స్పష్టం చేసింది. పిల్లలు చిన్నవాళ్లయితే తల్లే దరఖాస్తు పెట్టుకోవడం మేలు. జీవిత భాగస్వామికి వయసు 45 దాకా సడలింపు ఉంది.

పోస్టు జూనియర్ అసిస్టెంట్‌కు మించదు. చనిపోయింది గెజిటెడ్ అధికారి అయినా అంతే. చదువు తక్కువైతే ఆఫీస్ సబార్డినేట్ వంటి పోస్టు ఇస్తారు. ఎంప్లాయ్‌మెంట్ ఎక్స్ఛేంజ్ ద్వారా రావాల్సిన పని లేదు.

కాగితాల్లో మొదటిది మరణ ధ్రువపత్రం. మరణాన్ని 21 రోజుల్లో నమోదు చేయించకపోతే ఆలస్యపు తతంగం మొదలవుతుంది. తర్వాత తహసీల్దార్ ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, ఇంట్లో సంపాదనపరులు లేరన్న ధ్రువపత్రం, మిగతా సభ్యులందరి నుంచి నోటరీ చేసిన నిరభ్యంతర పత్రాలు, దరఖాస్తుదారు పదో తరగతి మెమో, చదువు, కుల, స్థానికత పత్రాలు. వీటితోపాటు మిగతా కుటుంబాన్ని పోషిస్తానని హామీపత్రం కూడా రాసివ్వాలి.

ఫైలు వెనక్కి రావడానికి మామూలు కారణం పేర్లు కలవకపోవడం. సర్వీస్ రిజిస్టర్‌లో ఒక పేరు, ఆధార్‌లో ఇంకో పేరు, మెమోలో ఇంటిపేరే లేకపోవడం. అన్నీ పక్కపక్కన పెట్టి చూసుకున్నాకే తహసీల్దార్ ఆఫీసుకు వెళ్లండి. రెండో కారణం, ఇంట్లో మరొకరు ఉద్యోగం చేస్తుండటం. అలా ఉద్యోగం చేసే కొడుకు వేరు కాపురం ఉండి, ఇంటికి పైసా ఇవ్వడం లేదంటే ఆ మాట విచారణలో రుజువు కావాలి. ఒకే రేషన్ కార్డులో పేర్లుంటే ఎవరూ నమ్మరు. రెండో పెళ్లి ఉన్న ఇళ్లలో చిక్కు ఇంకా పెద్దది. రెండో భార్య పిల్లలన్న ఒక్క కారణంతో తోసిపుచ్చకూడదని సుప్రీంకోర్టు 2018లో చెప్పింది గానీ, మొదటి భార్య అభ్యంతరం చెబితే ఫైలు ఆగుతుంది. ముందే రాజీపడటం మంచిది.

ఉద్యోగి ఆచూకీ లేకుండా పోయిన కేసుల్లో ఏడేళ్లు గడవాలి. ఎఫ్.ఐ.ఆర్., జాడ తెలియలేదన్న పోలీసు ధ్రువీకరణ తప్పనిసరి. ఫిర్యాదు ఆలస్యంగా ఇస్తే ఎప్పుడు కనబడకుండా పోయారో నిరూపించడం కష్టం.

ఉద్యోగి చివరగా పనిచేసిన కార్యాలయ అధికారికి రెండు సెట్లు తీసుకెళ్లి, మీ సెట్ మీద ఇన్‌వర్డ్ నంబరు (ఆఫీసుకు చేరిన కాగితానికి ఇచ్చే నంబరు), తేదీ, ముద్ర వేయించుకోండి. ఏడాది లోపే ఇచ్చారనడానికి అదే సాక్ష్యం. ఏదైనా ధ్రువపత్రం ఇంకా చేతికి రాకపోయినా దరఖాస్తు ఆపొద్దు, తర్వాత జతచేస్తామని రాసి గడువులోనే ఇచ్చేయండి. ఆ శాఖలో ఖాళీ లేదంటే ఫైలును జిల్లా కలెక్టర్‌కు పంపమని లిఖితపూర్వకంగా కోరండి. వేరే శాఖకు కేటాయించేది అక్కడే.